పర్లాకిమిడి నుంచి విశాఖ రేడియో నాటకం దాకా

ఆకాశవాణి నాటకాల్లో వేషం కావాలంటే ముందు ఆడిషన్ నెగ్గాలి. నెగ్గితే ‘బి’ గ్రేడు ఇస్తారు. ‘బి హై’, ‘ఎ’, ‘టాప్’ ఆ తర్వాతి మెట్లు. ఆ మొదటి మెట్టు ఎక్కడానికే నేను చాలా పాట్లు పడ్డాను. ఒడిశాలోని మా గజపతి జిల్లా వైపు నుంచి ఆడపిల్లలు అదెలా ఎక్కాలని ఇప్పటికీ అడుగుతూ ఉంటారు, అందుకే వివరంగా రాస్తున్నాను.

మాది పర్లాకిమిడి. 1936లో ఒరిస్సా విడిగా ఏర్పడినప్పుడు మా ఊరు అటు వెళ్లింది. పక్కనే ఉన్న పాతపట్నం ఆంధ్ర. మాకు ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా. తెలుగు అక్షరాలు అమ్మ దిద్దించింది గానీ గడగడా చదవడం వచ్చేది కాదు. గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిన ఊళ్లో పుట్టి, తెలుగు కూడబలుక్కుని చదవాల్సి రావడం నాకు లోలోపల బాధగా ఉండేది. నా తెలుగంతా చెవిన పడి వచ్చిందే. అందులో సగం రేడియో చలవ.

1963లో మొదలైన విశాఖ కేంద్రం మాకు పగలు అందేది. చీకటి పడితే మీడియం వేవ్ ఎక్కువ దూరం పోతుంది కదా, విజయవాడ కూడా గరగరల మధ్య తగిలేది. శారదా శ్రీనివాసన్ గారి గొంతు అలాగే విన్నాను. చలం గారి ‘పురూరవ’లో ఆవిడ ఊర్వశి. ఆ గొంతులో అరుపు లేదు, లేనిపోని ముద్దు పలుకూ లేదు. మాటకీ మాటకీ మధ్య ఆగినప్పుడు కూడా ఊర్వశి అక్కడే ఉన్నట్టుండేది. నేనూ ఇలా మాట్లాడాలి అనే కోరిక అప్పుడే పట్టుకుంది.

దరఖాస్తు పెద్ద పని కాదు. వయసు, చదువు, నాటకానుభవం రాసి ఫీజు కట్టి పంపాను. కొన్నాళ్లకు పిలుపు వచ్చింది. అప్పట్లో మా ఊరి నుంచి నౌపడా దాకా చిన్న రైలు నడిచేది. టెక్కలి మీదుగా తాపీగా పోయి, అక్కడ పెద్ద లైను రైలు ఎక్కాలి. నాన్న తోడొచ్చారు.

స్టూడియో తలుపు మూసుకోగానే బయటి చప్పుడంతా తెగిపోయింది. గోడలు శబ్దాన్ని తాగేస్తాయి కాబట్టి మన మాట మనకే పొడిపొడిగా వినిపిస్తుంది. అద్దం అవతల పెద్దలు కూర్చున్నారు. నాకు పేరు లేదు, నంబరే. కాగితాలు చేతికిచ్చి అప్పటికప్పుడు చదవమన్నారు. ముసలమ్మ పాత్ర బాగానే వచ్చింది. కోపం మీదున్న కోడలు కూడా ఫర్వాలేదు. పౌరాణికం దగ్గరకు వచ్చేసరికి ఆ పొడుగాటి సమాసాలు కంటికి ఆనక నాలుక ఆగిపోయింది. ఎంపిక కాలేదని ఉత్తరం వచ్చింది. మళ్లీ దరఖాస్తు పెట్టాలంటే కొంతకాలం ఆగాలి.

ఆ ఆగిన కాలమే నన్ను నిలబెట్టింది. మా వీధిలో రిటైరైన తెలుగు మేస్టారు ఉండేవారు. రెండు పేజీలు చదివించుకుని, “నీ గొంతుకేం తల్లీ, బంగారం. నీ శకారానికే వైద్యం కావాలి” అన్నారు. ఒడియా రాతలో శ, ష, స మూడూ ఉన్నా నోట్లో మాత్రం ‘స’గానే పలుకుతాయి. నేను చదివితే ‘శేషశాయి’ కాస్తా ‘సేససాయి’ అయ్యేది. మేస్టారు నాలుక ఎక్కడ ఆనాలో చూపించి, ఒక్కో మాటా చెవికి తేడా తెలిసేదాకా పలికించారు. రోజూ సాయంత్రం అంతకుముందు చూడని పేజీ ఒకటి ఇచ్చేవారు. నోరు ఈ వాక్యం మీద ఉండగానే కన్ను తర్వాతి వాక్యానికి పోవాలి. వెలిగించిన కొవ్వొత్తి ముందు కూర్చుని ప, ఫ, భ పలకమనేవారు. ఒత్తు వినపడాలి, మంట మాత్రం ఆరకూడదు. మైకు మీద ఊపిరి కొడితే ‘ఠప్’మంటుంది మరి.

రెండోసారి వెళ్లినప్పుడు టెన్షన్ లేదని చెప్పను గానీ, కాగితం చూస్తే వేసే భయం పోయింది. ‘బి’ గ్రేడు వచ్చింది.

అసలు చదువు ఆ తర్వాతే మొదలైంది. స్క్రిప్టుకి పిన్నులు ఉండకూడదు. చదివేసిన కాగితాన్ని చప్పుడు కాకుండా పక్కకు జార్చాలి. ఓ రిహార్సల్లో ఒక సీనియర్ నటి నా భుజం పట్టుకుని కొద్దిగా తిప్పి, “మైకుకి సూటిగా కాదమ్మా, ఇలా వాలుగా మాట్లాడు” అన్నారు. పక్కగదిలోంచి వస్తున్నట్టు వినిపించాలంటే మైకుకి దూరంగా నిలబడి మాట మొదలుపెట్టి, మాట్లాడుతూనే దగ్గరకు నడవాలి. అరిచేటప్పుడు వెనక్కి జరగాలి, గుసగుసకి ముందుకు రావాలి. ఏడుపు అన్నిటికన్నా కష్టం. గొంతు పెంచితే వినేవాళ్లకు విసుగొస్తుంది. ఊపిరి ఒకచోట తెగితే చాలు, అటువైపు కళ్లు చెమరుస్తాయి. రేడియోకి తీయటి గొంతు కావాలంటారు చాలామంది. నేను ఒప్పుకోను. గట్టి ఊపిరి, వినే చెవి కావాలి.

పెళ్లయ్యాక విశాఖలోనే ఉండిపోయాను. ప్రకటనలకు, డాక్యుమెంటరీలకు గొంతిచ్చాను. ఒడియా వచ్చినందుకు అదనంగా పనులు దొరికాయి. అయినా మనసు పెట్టింది నాటకం మీదే.

ఇప్పుడు పర్లాకిమిడి నుంచో గుణుపురం నుంచో ఏ పిల్లయినా ఫోన్ చేసి “పిన్నీ, నా గొంతు రేడియోకి పనికొస్తుందా” అని అడిగితే నేను గొంతు సంగతి ఎత్తను. చేతికందిన పత్రిక ఏదో తీసి, ఏదో ఒక పేజీ ఆగకుండా చదవమంటాను. శ, ష దగ్గర తడబడితే ఆ రోజు నుంచే సాయంత్రాలు నాకు ఫోన్ చెయ్యమంటాను.