ఒకటి అంటే దేని ఒకటి? రెండో తరగతి లెక్కలతో నా అనుభవం

రెండో తరగతి లెక్కలు చెప్పడం ఏమంత పని అనేవాళ్లు, ఏడేళ్ల పిల్లకి 28 కింద 15 రాసిచ్చి కూడమని చూడండి. మా తరగతిలో సగం మంది 313 అని రాశారు. ఎనిమిదీ ఐదూ పదమూడు, వేసేశారు. రెండూ ఒకటీ మూడు, దాని పక్కన వేసేశారు. విడివిడిగా చూస్తే రెండు కూడికలూ సరిగ్గానే ఉన్నాయి. జవాబు మాత్రం మూడు వందలు దాటింది, ఎవరికీ అనుమానం రాలేదు.

నేను చెప్పేది విశాఖపట్నం వన్‌టౌన్ వైపు ఒక చిన్న ప్రాథమిక బడిలో. పిల్లల ఇళ్లలో హార్బర్ పనికి వెళ్లేవాళ్లు, పూర్ణా మార్కెట్ చుట్టుపక్కల పూలు, కూరలు అమ్మేవాళ్లు ఎక్కువ. చిన్న తరగతుల పిల్లలకి చదవడం, లెక్కలు రావాలని కేంద్ర ప్రభుత్వం 2021లో మొదలుపెట్టిన నిపుణ్ భారత్ కార్యక్రమం లెక్క ప్రకారం రెండో తరగతి అయ్యేసరికి పిల్లలు 999 దాకా సంఖ్యలు చదవాలి, రాయాలి. చదవడం త్వరగానే వచ్చేస్తుంది. వంద దాకా గడగడా అప్పజెప్పే పిల్లని 'నూట ఐదు' రాయమంటే 1005 రాస్తుంది. విన్నది విన్నట్టే రాసింది మరి, ముందు నూరు, తర్వాత ఐదు.

అందుకని నోటు పుస్తకాలు కొన్నాళ్లు పక్కన పెట్టాం. కొబ్బరి ఈనెల చీపురు ఒకటి కొని పుల్లలు విరిచాను. రబ్బరు బ్యాండ్లు తెచ్చాను. కట్టలు ఇంటి దగ్గర నేనే కట్టుకుని వెళ్తే బోలెడు టైమ్ కలిసొచ్చేది, కానీ పది లెక్కపెట్టి బ్యాండు వేసే పని పిల్లల చేతుల మీదుగానే జరగాలి. 34 పుల్లలు తీయమంటే మూడు కట్టలు, నాలుగు విడి పుల్లలు తీసే పిల్ల వేరు. కట్టలన్నీ విప్పి ఒకటి నుంచి లెక్కపెట్టే పిల్ల వేరు. రెండో పిల్లకి పది అనేది ఇంకా ఒక వస్తువుగా కుదరలేదు. ఆ కట్టలో పది ఉన్నాయని తనే కట్టినా నమ్మకం లేదు. ఇక్కడ తొందర పెట్టకూడదు. మళ్లీ కట్టనివ్వాలి, అంతే.

ఒకడు అడిగాడు, "గాజులు డజనుకి పన్నెండు కదా టీచర్, పుల్లలు పదేనేటి?" చాలా మంచి ప్రశ్న. మన దగ్గర అంకెలు సున్నా నుంచి తొమ్మిది దాకానే ఉన్నాయి, తొమ్మిది తర్వాత రాయడానికి కొత్త గుర్తు లేదు, అందుకే కట్ట కట్టి పక్క గడిలోకి పంపాలి అని చెప్పాను. వాడికి ఎంత ఎక్కిందో తెలీదు, పక్కనున్న ఇద్దరికి ఎక్కింది.

ఈలోగా పూలమ్మే మామ్మగారు ఒకావిడ మనవణ్ణి దింపడానికి వచ్చి గుమ్మంలోనే నిలబడ్డారు. "ఏటమ్మా, మావోడు బడికొచ్చి చీపురు పుల్లలు లెక్కెడతన్నాడంట. పాఠం ఎప్పుడు చెప్తారు?"

"ఇదే పాఠం మామ్మగారూ. మీరు సాయంత్రం చిల్లర ఎలా లెక్కపెడతారు?"

"పదేసి రూపాయలు దొంతి పెడతాను."

"మీవాడూ అదే చేస్తున్నాడు."

ఆవిడ పూర్తిగా ఒప్పుకోలేదు గానీ మళ్లీ అడగలేదు.

డబ్బుతో కూడా చెప్పాను, అయితే పుల్లల తర్వాతే. పది రూపాయల నోటుని ఎంత చూసినా లోపల పది బిళ్లలు కనబడవు, పుల్లల కట్టలో కనబడతాయి. చాలామంది నేరుగా నోట్లతో మొదలుపెడతారు. అది నాకు సరైనదనిపించదు. నూట ఐదు సంగతి మాత్రం అట్టలతో తేలింది. పాత శుభలేఖలు కత్తిరించి 100, 200 పొడుగు అట్టలు, 10, 20 కొంచెం పొట్టివి, 1 నుంచి 9 ఇంకా పొట్టివి చేశాం. 100 మీద కుడి చివరికి ఆనించి 5 పెడితే చివరి సున్నా మూసుకుపోయి 105 కనబడుతుంది. సున్నా ఇంకా కింద ఉందో లేదోనని 5 ఎత్తి చూసుకునే ఆట కొన్నాళ్లు నడిచింది.

అప్పుడు మళ్లీ 28, 15. ముందే అడిగాను, మూడు వందలు అవుతాయా? నవ్వారు. రెండు కట్టలు, ఎనిమిది పుల్లలు. ఒక కట్ట, ఐదు పుల్లలు. ఐదులోంచి రెండు తీసి ఎనిమిదికిస్తే ఇంకో కట్ట. నాలుగు కట్టలు, మూడు పుల్లలు. 'మూడు వేసి చేతిలో ఒకటి' అని మనమంతా నేర్చుకున్నదే. నేను ప్రతిసారీ ఆపి అడిగేదాన్ని, దేని ఒకటి? "ఒక కట్ట" అన్నవాళ్లకి 313 మళ్లీ రాలేదు.

కొలతల్లోనూ ఇదే ప్రశ్న పనికొచ్చింది. బెంచీని జానలతో కొలవమంటే తలో సంఖ్య చెప్పారు, కాసేపు దెబ్బలాట. పూలమ్మే మామ్మగారి మనవడు తేల్చేశాడు. "మా మామ్మ మూర పొట్టిది టీచర్. పొడుగు చేతులావిడ దగ్గర పూలు కొనుక్కుంటే ఎక్కువొస్తాయి." మామ్మగారు వినలేదు, నయం. ఎవరి చేత్తో కొలిచినా ఒకేలా రావాలంటే అందరికీ ఒకే కర్ర కావాలని వాళ్లే అన్నాక స్కేలు బయటికి తీశాను.

స్కేలుతో ఇంకో చిక్కు ఉంది. లెక్క ఒకటితో మొదలవుతుంది కాబట్టి పెన్సిల్ ఒక చివరని 1 దగ్గర పెడతారు. 'సున్నా దగ్గర పెట్టు' అని వందసార్లు చెప్పేకన్నా మొదలు విరిగిన స్కేలు ఇవ్వడం మేలు. పెన్సిల్ 3 నుంచి 9 దాకా ఉంది, ఎంత? తొమ్మిదన్నవాళ్లు ఉన్నారు, గీతలు లెక్కపెట్టి ఏడన్నవాళ్లు ఉన్నారు. గీతల మధ్య ఉన్న ఖాళీల మీద వేలు పెట్టుకుంటూ వెళ్తే ఆరు.

ఆర్‌కే బీచ్‌లో ఉన్న కురుసుర సబ్‌మెరైన్ ఎన్ని మూరలని ఒకమ్మాయి అడిగింది. దాని పొడవు 91 మీటర్లు. పెద్దవాళ్ల మూర సుమారు 45 సెంటీమీటర్లు అనుకుంటే రెండు వందల మూరలు. "మా మామ్మ ఎన్ని బుట్టల పూలు కట్టాలో!" అన్నాడు మనవడు.

ఇప్పుడు తీసివేతలు నడుస్తున్నాయి. 43లోంచి 18 తీయాలంటే 'పక్కింటి నుంచి అప్పు తెచ్చుకో' అని చెప్పడం అలవాటు. తెచ్చిన అప్పు ఎవరూ తీర్చరు, ఆ మాట పిల్లలు పట్టుకుంటే జవాబు లేదు. మేం 'కట్ట విప్పు' అంటున్నాం. కొందరు పుల్లల డబ్బా ఇంకా అడుగుతున్నారు, ఇస్తున్నాను. మానిపించడానికి గడువేమీ పెట్టుకోలేదు. వందలు దాటిన లెక్కలకి అన్ని కట్టలు బల్ల మీద పట్టక వాళ్లే నోట్లకీ అట్టలకీ మారుతున్నారు.