రాయి అమ్మడానికి వెళ్లి చువాన్‌జౌ వీధులు తిరిగాం: నా అనుభవం

చీమకుర్తి గెలాక్సీ రాయి వ్యాపారంలో ఉన్నవాళ్లకు చైనాలోని షియామెన్ కొత్త ఊరేం కాదు. అక్కడ ఏటా జరిగే రాతి ఎగ్జిబిషన్‌కు ఒంగోలు వైపు నుంచి ఎవరో ఒకరు పోతూనే ఉంటారు. స్టాళ్లు చూస్తారు, బయ్యర్లతో రేట్లు మాట్లాడతారు, పక్కనే షుయ్‌తౌలో కటింగ్ ఫ్యాక్టరీలు ఒక చుట్టు చుట్టి ఇంటికొస్తారు. ఆ షుయ్‌తౌ చువాన్‌జౌ అనే పాత రేవు నగరం పరిధిలోదని, ఆ నగరాన్ని 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చిందని మావాళ్లలో చాలామందికి తెలియదు. గ్వాంగ్‌జౌ వేరు, ఇది వేరు. విమానం టికెట్లు కొట్టించేటప్పుడు ఏజెంట్లు కూడా తికమక పడతారు.

నాకు ఆ ఊరి మీద మనసు పడింది మోటుపల్లి వల్ల. మాకు దగ్గరే, చినగంజాం వైపు సముద్రపు ఒడ్డున ఉంటుంది. అక్కడి వీరభద్రస్వామి గుళ్లో కాకతీయ గణపతిదేవుడు 1244లో వేయించిన అభయ శాసనం ఉంది. తుఫానుకు దెబ్బతిని ఒడ్డుకు చేరిన ఓడల్లో సరుకు రాజులు లాక్కునే పద్ధతి ఇక ఉండదని, సుంకం ముప్పైలో ఒక వంతు కడితే చాలని విదేశీ వర్తకులకు ఇచ్చిన మాట అది. కర్పూరం, పట్టునూలు, ముత్యాలు, మిరియాలు, ఇలా ఏ సరుకుకు ఎంతో కూడా రాయి మీద చెక్కించాడు. మార్కో పోలో ఈ మోటుపల్లిని ప్రస్తావించి, ఆ రాజ్యాన్ని ఒక రాణి ఏలుతోందన్నాడు. ఆమె రుద్రమదేవేనని మన చరిత్రకారుల మాట. అదే మార్కో పోలో చైనా వదిలిపెట్టి ఓడ ఎక్కింది జైతూన్ రేవులో. ఆ జైతూనే ఇవాళ్టి చువాన్‌జౌ. ఎగ్జిబిషన్‌కు పోయిన ప్రతిసారీ ఈ ముక్క గుర్తొచ్చేది, పని అయిపోగానే విమానం ఎక్కేసేవాణ్ణి. ఈసారి ఒక శనివారం మిగిలింది. మా బావ కూడా వెంట ఉన్నాడు.

సొంతంగా తిరుగుదామనుకున్నాం గానీ, చైనీస్ రాకుండా పాత ఊళ్లో తిరిగితే గోడలు చూసి రావడమే అవుతుంది. అందుకని ఇంగ్లిష్ తెలిసిన గైడ్‌తో రోజంతా నడక మాట్లాడుకున్నాం. ఇక్కడ మనవాళ్లకు ఒక చిక్కు ఉంది. అక్కడ అందరూ వీచాట్‌లోనే మాట్లాడుకుంటారు, మన దేశంలో దాన్ని 2020లో నిషేధించారు. కాబట్టి ముందంతా ఈమెయిల్‌లోనే నడిచింది. డబ్బులకు అలీపే అనే అక్కడి చెల్లింపుల యాప్‌లో వీసా కార్డు, పాస్‌పోర్టు ఎక్కించుకున్నాం. విదేశీ కార్డుతో 200 యువాన్ల లోపు బిల్లుకు అదనపు ఛార్జీ లేదు, దాటితే 3 శాతం. టీ కొట్టులో కూడా క్యూఆర్ కోడే, మన ఫోన్‌పే అలవాటు కాబట్టి ఆ ఇబ్బంది లేదు. ఇండియా సిమ్‌కు రోమింగ్ వేయించుకుంటే గూగుల్ మ్యాప్స్, వాట్సాప్ నడుస్తాయి. హోటల్ వైఫై మీద నడవవు. రైలు టికెట్టు పాస్‌పోర్టు నంబరు మీదే వస్తుంది, చేతిలో కాగితం ఏమీ ఉండదు. షియామెన్ నుంచి బులెట్ రైల్లో అరగంట చిల్లర ప్రయాణం. గేటు దగ్గర మెషిన్ మన పాస్‌పోర్టు తీసుకోకపోతే టెన్షన్ పడొద్దు, చివర్లో మనిషి ఉన్న గేటు ఒకటి ఉంటుంది.

నేను గైడ్‌ను అడిగింది ఒకటే, మ్యూజియం ముందు పెట్టమని. ఆమె ప్లాన్‌లో అది చివర ఉంది. అందరికీ ముందు గుడి, ఫోటోలు, తర్వాత తిండి, ఓపికుంటే మ్యూజియం. మాకది కుదరదన్నాను. సరేనంది.

సముద్ర వర్తక చరిత్ర మ్యూజియం 1959లో పెట్టారట. అందులో రాళ్ల గది ఒక్కటి చూసినా చాలు. అరబ్బీ రాతలున్న సమాధి రాళ్లు, సిలువ కింద తామరపువ్వు చెక్కిన క్రైస్తవ సమాధి రాళ్లు, వాటి తర్వాత మన దేవుళ్లు. ఒక పలక దగ్గర బావ ఆగిపోయాడు. చెట్టు కింద శివలింగం, ఎదురుగా తొండంతో పువ్వు పట్టుకున్న ఏనుగు.

"ఏంది బామ్మర్దీ, ఇది మన కాళహస్తి ఏనుగు కదా?"

"తమిళోళ్లు అయితే జంబుకేశ్వరం ఏనుగంటారు బావా."

అసలు సంగతి కూడా తమిళులదే. 13వ శతాబ్దంలో దక్షిణాది వర్తకులు ఇక్కడ శివాలయం కట్టుకున్నారు. 1956లో దొరికిన తమిళ శాసనం శక సంవత్సరం 1203 నాటిది, అంటే 1281. సంబంధ పెరుమాళ్ అనే ఆయన ఖాన్ ఆరోగ్యం కోసం దేవుణ్ణి ప్రతిష్ఠించినట్టు అందులో ఉంది. అడుగున ఒక వరుస చైనీస్ అక్షరాలు. అప్పుడు ఏలుతున్నది కుబ్లాయ్ ఖాన్. తెలుగు వర్తకుల పేరు మీద రాయి ఏదైనా ఉందేమోనని గైడ్‌ను అడిగాను. తను చూసినంతలో లేదంది. ఉందని చెప్పి నన్ను సంతోషపెట్టకపోవడం నాకు నచ్చింది.

గుడి కూలిపోయింది గానీ రాళ్లు ఊరంతా చెదిరాయి. మంచి రాయి ఎవరూ పారేయరు, మా వ్యాపారంలో ఉన్నవాడికి ఇది వేరే చెప్పక్కర్లేదు. మింగ్ రాజుల కాలంలో కైయువాన్ బౌద్ధాలయం బాగుచేసినప్పుడు ఆ శివాలయం స్తంభాలు రెండు తెచ్చి ప్రధాన మందిరం వెనక వరండాలో నిలబెట్టారు. మేం మ్యూజియం నుంచి నేరుగా అక్కడికే పోయాం.

కైయువాన్ ఆలయం 686 నాటిది. ముంగిట రద్దీ చెప్పలేనంత, అగరొత్తుల పొగకు కళ్లు మండాయి. వాకిట్లో ఒక జంట పద్యం: ఇది పూర్వం బుద్ధుడి దేశం, వీధి నిండా మహాత్ములే అని. మాట జూ షీ అనే పండితుడిది, రాత హోంగ్‌యీ అనే భిక్షువుది. ఆ భిక్షువు 1942లో ఈ ఊళ్లోనే కన్నుమూశాడు. మందిరం ముందు అరుగు కింది వరసలో మనిషి ముఖం, సింహం ఒళ్లు ఉన్న పలకలు డెబ్బైకి పైగా ఉన్నాయి. అవీ ఆ శివాలయానివే. జనం వాటి ముందు నిలబడి దండం పెట్టుకుంటున్నారు గానీ వంగి చూసేవాళ్లు లేరు.

వెనకవైపు మాత్రం మేమూ, ఒక ముసలాయనా, అంతే. స్తంభం అచ్చం మన మండపాల్లో ఉండే రకం: నలుచదరం దిమ్మె, దాని మీద పదహారు పలకల కోపు, మళ్లీ దిమ్మె. దిమ్మె నాలుగు ముఖాల మీద గుండ్రని చట్రంలో బొమ్మలు. గైడ్ "విష్ణు, కృష్ణ" అని కంఠతా చెప్పేసి పక్కకు జరగబోయింది. నేను కదల్లేదు. ఫోన్ లైటు స్తంభానికి పక్కగా, ఏటవాలుగా పెట్టాను. క్వారీలో దిమ్మె మీద వెంట్రుకవాసి పగులు కనిపెట్టాలంటే ఇలాగే చేస్తాం, ఎదురుగా లైటు వేస్తే ఏమీ కనపడదు. నీడ పడేసరికి నరసింహుడి ఒళ్లో వెల్లకిలా పడి ఉన్న హిరణ్యకశిపుడు తేలాడు. ఇంకో ముఖాన జంట మద్దిచెట్ల మధ్య బాలకృష్ణుడు, మరోచోట గజేంద్ర మోక్షం. బావ ఉన్నపళాన పద్యం అందుకున్నాడు. ముసలాయన తిరిగి చూసి నవ్వాడు. గైడ్ నోట్‌బుక్ తీసి ఎవరు ఎవరో రాసుకుంది. మొసలి కథ మూడుసార్లు చెప్పించుకుంది, ఏనుగు తప్పేమిటన్నది ఆమెకు తేలలేదు. మాకూ సరిగా చెప్పడం రాలేదు.

జంట గోపురాల గురించి ఎవరు చెప్పినా ఎత్తు చెబుతారు: తూర్పుది 48 మీటర్లు, పడమరది 44. నన్ను ఆపింది ఎత్తు కాదు. రెండూ 13వ శతాబ్దంలో పూర్తిగా రాతితో కట్టినవి, కానీ చూస్తే కొయ్యపని. దూలం కొస, దాని కింద బోదె, చూరు వంపు, అన్నీ వడ్రంగి చేసినట్టే రాతిలో చేశారు. 1604లో పెద్ద భూకంపం వస్తే ఇవి నిలబడ్డాయి. ఈ రోజు మా దగ్గర సీఎన్‌సీ మెషిన్లు ఉన్నాయి, అయినా ఇలాంటి ఆర్డర్ వస్తే తీసుకునే ముందు రెండు రాత్రులు ఆలోచిస్తాను. పడమటి గోపురం నాలుగో అంతస్తులో కత్తి పట్టిన కోతి ముఖం వీరుడున్నాడు. హనుమంతుడికీ చైనావాళ్ల కోతి రాజుకీ చుట్టరికం ఉందా లేదా అని పండితులు ఇంకా వాదించుకుంటున్నారు. బావ మాత్రం అక్కడికక్కడే తీర్పు ఇచ్చేశాడు.

ఆలయ ఆవరణలోనే ఓడ ఉంది. 1974లో హౌజూ రేవు బురదలోంచి తవ్వి తీసిన సాంగ్ కాలపు ఓడ. మిగిలింది అడుగు భాగమే, అయినా 24 మీటర్ల పైచిలుకు పొడవు. లోపల అడ్డగోడలతో 13 గదులు. ఒక గదికి చిల్లు పడి నీళ్లొచ్చినా పక్క గదిలోకి పోవు. అందులో దొరికిన సరుకు: సుగంధపు కర్ర, మిరియాలు, వక్కలు, సాంబ్రాణి. మోటుపల్లి శాసనంలో సుంకాల పట్టీ చదివినవాడికి ఈ పేర్లలో కొన్ని కొత్తగా అనిపించవు.

తిండి దగ్గర బావతో కాస్త తంటా. శనివారం నీచు ముట్టడు. పడమటి వీధి పొడుగునా అల్లం బాతు మాంసం, సముద్రపు పురుగులతో చేసే జెల్లీ, సన్న సేమియాల గంజి. ఆ గంజి పైకి సాదాగా కనిపిస్తుంది గానీ దాని రసం మాంసంతోనో చేపలతోనో చేస్తారు. "నేను మాంసం, చేప, గుడ్డు తినను" అని చైనీస్‌లో రాయించి ఫోన్‌లో పెట్టుకోండి. ఒట్టి "వెజిటేరియన్" అంటే మాంసం ముక్కలు ఏరేసి అదే రసం పోస్తారు. బావకు సముద్రపు నాచుతో చేసిన చల్లటి జెల్లీ మీద తేనె పోసి ఇప్పించాం. రెండు గిన్నెలు లాగించాడు. నేను బాతు తిన్నాను.

తర్వాత తూమెన్ వీధి. చింగ్‌జింగ్ మసీదు 1009 నాటిది, రాతి ద్వారం నిలిచి ఉంది, నమాజు గదికి పైకప్పు లేదు. దాని పక్కనే చైనావాళ్లు దేవుడిగా కొలిచే పాతకాలపు సేనాని గువాన్ యూ గుడి, అందులో జనం కిక్కిరిసి ఉన్నారు. షున్‌పు అనే జాలరి పల్లెకూ గైడ్ తీసుకుపోయింది. అక్కడ ఆడవాళ్లు కొప్పు చుట్టూ దండలు దండలుగా పూలు తురుముకోవడం పాత ఆచారం, ఆల్చిప్పల గోడల ఇళ్లు చూడదగ్గవే. కానీ ఇప్పుడు సందు సందుకీ పూలు పెట్టి ఫోటోలు తీసే స్టూడియోలే. టైమ్ తక్కువుంటే అది వదిలేయండి.

వదలకూడనిది లువోయాంగ్ వంతెన. ఊరి బయట, టాక్సీలో పోవాలి. 1053లో మొదలుపెట్టి 1059కి పూర్తిచేశారు, అప్పటి అధికారి సాయ్ షియాంగ్ కట్టించాడు. నది సముద్రంలో కలిసే చోటు, అడుగంతా బురద. బండరాళ్లు కుమ్మరించి నది అడుగున అడ్డంగా రాతి పరుపు వేశారు, దాని మీద పడవ ముక్కు ఆకారంలో స్తంభాలు లేపారు. దూలాలను పోటు మీద పడవల్లో తెచ్చి, ఆటుకు నీరు దిగుతుంటే వాటంతటవే స్తంభాల మీద కూర్చునేలా చేశారు. రాళ్లు కదలకుండా వాటి మీద ఆల్చిప్పలు పెంచారు! అవే రాయికీ రాయికీ మధ్య సున్నంలా పట్టేశాయి. వంతెన దగ్గర వాటిని ఏరడం కూడా నిషేధించారట. మేం పోయేసరికి నీరు దిగి ఉంది, కింద రాళ్లకు చిప్పలు అంటుకుని కనిపించాయి. అందుకే గైడ్‌ను ఆటు వేళ ముందే చూసుకోమనండి, పోటు మీద వెళ్తే ఇవేవీ కనపడవు.

బావ ఒక దూలం పొడవు అడుగులతో కొలిచి, బరువు ఎన్ని టన్నులుంటుందో లెక్క కట్టడం మొదలుపెట్టాడు. నేను ఇంకో సంఖ్య చెప్పాను. ఆ వాదన రైల్లో కూడా తెగలేదు.

మాకు చూడకుండా మిగిలిపోయింది సావోఆన్. జిన్‌జియాంగ్ వైపు కొండ వాలులో ఉంటుంది, 1339లో చెక్కిన మణి (మానీ) అనే పర్షియా ప్రవక్త విగ్రహం ఉన్న గుడి. వంతెన, సావోఆన్ ఒకే పూటలో పెట్టుకుంటే రెండూ హడావిడిగా చూడాల్సి వస్తుందని గైడ్ ముందే చెప్పింది. రెండు రోజులున్నవాళ్లు మొదటి రోజు మ్యూజియం, కైయువాన్, తూమెన్ వీధి పెట్టుకుని, రెండో రోజు ఈ రెండూ చూసుకోవచ్చు. సోమవారం మాత్రం వద్దు, అక్కడ చాలా మ్యూజియంలకు ఆ రోజు సెలవు.