పై దవడ విరిగిన చార్టు చేతికొస్తే

మా నల్గొండల ఇప్పుడు ఏ గల్లీల చూసినా మెడికల్ కోడింగ్ (డాక్టర్ రాసిన జబ్బులు, దెబ్బలను కోడ్లల్లకు మార్చే పని) చేసేటోళ్లు ఒకరన్న ఉంటున్నరు, బీ ఫార్మసీనో డిగ్రీల లైఫ్ సైన్సెసో చదివి, అమీర్‌పేటల కోచింగ్ తీసుకొని, సీపీసీ అనే కోడింగ్ పరీక్ష రాసి, ఇంట్లనే కూసొని అమెరికా హాస్పిటళ్ల చార్టులు, అంటే పేషెంట్ల రికార్డులు, చూస్కుంటరు. నేనూ గా బ్యాచే. మిర్యాలగూడల ఉండే మా చిన్నమ్మ బిడ్డ కూడా ఈ మధ్యనే ఈ లైన్లకు వచ్చింది, పై దవడ ఫ్రాక్చర్ వచ్చిందంటే చాలు "అక్కా, గిది ఎట్ల వెయ్యాలె" అని ఫోన్ చేస్తది (చార్టు ఫొటోలు గిట్ల వాట్సాప్‌ల పంపకు, ఉద్యోగం పోతదని ముందే చెప్పిన). ఆమెకు చెప్పేది ఒక్కటే, ఎముక ఏడ విరిగిందో మనం కనిపెట్టొద్దు, డాక్టర్ ఏం రాసిండో గది చూడాలె.

ఎస్02 అనే కోడ్ అంటే పుర్రె, ముఖం ఎముకలు విరుగుడు. అందుల ఎస్02.4 కిందికి పై దవడ, చెంప ఎముక వస్తయి. డబ్ల్యూహెచ్‌ఓ వాళ్ల జబ్బుల కోడ్ల లిస్టు ఐసీడీ-10ల దీన్ని గా నాలుగు అక్షరాలల్లనే పెట్టేసిన్రు, అమెరికా వాళ్ల ఐసీడీ-10-సీఎం వెర్షన్ల మాత్రం ఇంకా లోపలికి పోవాలె. 2016 అక్టోబర్ 1 నుంచి కుడి, ఎడమ వేరేవేరే చేసిన్రు, మ్యాక్సిలరీ (పై దవడ) ఫ్రాక్చర్ కుడి దిక్కైతే ఎస్02.40సీ, ఎడమైతే ఎస్02.40డీ, ఏ దిక్కో రాయకుంటే ఎస్02.401. రెండు దిక్కులా విరిగితే రెండు కోడ్లూ వెయ్యాలె, బైలేటరల్‌కు వేరే కోడ్ లేదు.

లెఫోర్ట్ అని రాసి ఉంటే లెక్క మారుతది. రెనే లెఫోర్ట్ అని ఫ్రెంచ్ సర్జన్, శవాల తలకాయల మీద దెబ్బలు కొట్టి ముఖం ఎముకలు ఏ గీతల పొంటి విరుగుతున్నయో చూసి 1901ల రాసిండు, ఇయ్యాల్టికీ ట్రామా డాక్టర్లు గదే వాడుతరు. ఒకటోది పండ్ల వరుస మీద అడ్డంగ విరిగి అంగిలి భాగం మొత్తం ఊడొస్తది, రెండోది ముక్కు దూలం దాకా పోయి పిరమిడ్ లెక్క ఉంటది, మూడోదైతే ముఖం మొత్తం పుర్రె నుంచి విడిపోతది. కోడ్లు వరుసగ ఎస్02.411, 412, 413. వీటికి కుడి ఎడమ ఉండదు. పండ్లు కుదురుకునే గట్టు ఒక్కటే విరిగితే ఎస్02.42, పూర్తి కోడ్‌కు ఏడు అక్షరాలు కావాలె, దానికి అయిదే ఉన్నయి, ఏడోది చివర్ల వేసే ఏ, బీ లెక్కటి అక్షరం కాబట్టి నడుమ ఒక ఎక్స్ పెట్టాలె, ఎస్02.42ఎక్స్‌ఏ అని. ఇంక పండ్ల సంగతి వేరే, పన్ను విరిగితే ఎస్02.5, ఊడొస్తే ఎస్03.2, ఎందుకంటే ఊడుడు డిస్‌లొకేషన్ (జాగ తప్పుడు) కిందికి వస్తది.

విరుగు బయటికి తెరుచుకుందా (ఓపెన్) లేదా (క్లోజ్డ్) అన్న కాడ కొత్త పిల్లలు మస్తు పరేషాన్ అయితరు. సర్జరీ పుస్తకాలల్ల ఏముంటదంటే, పండ్లున్న జాగల నుంచి విరుగు పోతే నోట్లెకు తెరుచుకున్నట్టే, గందుకే ఓపెన్ లెక్క చూడాలె అని, ఆ మాట సరైందే, కానీ గది డాక్టర్ అనాల్సిన మాట. ఆయన ఓపెన్ అని రాయకుంటే రూల్ ప్రకారం క్లోజ్డే, చివర్ల ఓపెన్‌కు వేసే బీ కాదు, క్లోజ్డ్‌కు వేసే ఏ. మనకు తెలిసిన అనాటమీ పక్కకు పెట్టాల్సిందే, బీ ఫార్మసీ వాళ్లకు ఈడ జర బాధైతది గానీ తప్పదు.

ఆ ఏ కూడా మొదటిసారి వచ్చిన రోజుకే అనుకోవద్దు. ఎమర్జెన్సీల చూసినా, తర్వాత సర్జన్ ప్లేటు వేసినా, విరుగుకు అసలు వైద్యం నడుస్తున్నన్ని రోజులూ ఏ నే. అది అయిపోయి మానుతున్నదో లేదో చూసే దశల డీ, ఆలస్యంగ మానుతుంటే జీ, అతుకుతలేకుంటే కే.

దెబ్బ ఎట్ల తాకిందో గూడ చార్టుల దొరికితే ఎక్స్‌టర్నల్ కాజ్ కోడ్ పెడ్తం. మన ఎన్‌హెచ్ 65 మీద రాత్రిపూట బైకు పోయి బర్రెకు తాకినట్టే అమెరికా చార్టుల ఒక కేసు ఉందనుకో, బైకు నడిపేటోడు జంతువును గుద్దుకున్నడు కాబట్టి వీ20 వర్గం. తాటిచెట్టు మీదికెల్లి మోకు జారి పడ్డట్టయితే డబ్ల్యూ14. ఆవు కుమ్మితే డబ్ల్యూ55.22, నిజంగనే ఉంది, నవ్వకుర్రి. తలల రక్తం గడ్డ కట్టిందని కూడా ఉంటే ఎస్06 కోడ్ మర్చిపోవద్దు, ఎస్02 కింద కోడ్ ఆల్సో (ఇది కూడా వెయ్యాలె) అని నోట్ ఇచ్చిన్రు, ఏది ముందు పెట్టాలన్నది ఎక్కువ సీరియస్ గాయం ఏదో దాన్ని బట్టి.

అసలు కష్టం ఏడొస్తదంటే, డాక్టర్ నోట్‌ల మిడ్‌ఫేస్ (ముఖం నడిమి భాగం) ఫ్రాక్చర్ అని ఒక్క ముక్క రాసి వదిలేస్తడు, సీటీ బొమ్మ మనకు కనవడుతుంటది, చూస్తే లెఫోర్ట్ రెండు లెక్కనే అనిపిస్తది. గప్పుడు 412 వేసేయొద్దు. డాక్టర్‌కు క్వెరీ (ప్రశ్న) పెట్టాలె, అందుల కూడా "ఇది లెఫోర్ట్ రెండే కదా సార్" అని మాట అందియ్యొద్దు, ఏ ఎముక, ఏ దిక్కు, ఏ రకం వివరంగ రాయండి అని అడగాలె. జవాబు వస్తే వచ్చినట్టు, రాకుంటే నోట్‌ల ఎంతుందో అంతకే కోడ్ వేసి చార్టు పంపియ్యాలె.