మా అత్తింటి పెద్దలు

జింబాబ్వేలోని మా అత్తింటి వంశవృక్షాన్ని మా అమ్మాయి కోసం రాయబూనినప్పుడు, చర్చి జ్ఞానస్నానపు పుస్తకం కొన్ని తరాల దగ్గరే ఆగిపోయింది. అందులో అందరూ జోసెఫ్‌లు, మేరీలే. అంతకు ముందటివారి జాడ అత్తయ్యగారు కంఠస్థంగా చెప్పే వంశస్తుతిలోనే దొరికింది. వారి ముటుపో, అంటే వంశచిహ్నం, షుంబా (సింహం). మన గోత్రంలాగే, ఒకే ముటుపో గలవారి మధ్య పెళ్లిళ్లు కుదుర్చుకోరు.

మనిషి పోయిన ఏడాదికి అటూఇటూగా, ధాన్యంతో బీరు కాచి, ఆ ఆత్మను తిరిగి ఇంటికి పిలిచే క్రతువును మా అత్తింటివారి జాతి అయిన షోనా ప్రజలు ‘కురోవా గువా’ అంటారు. ఒకప్పుడు ఎందరో మిషనరీలు దీనినీ, లోహపు పలకలను వేళ్లతో మీటి వాయించే ఎంబిరా వాద్యాన్నీ అన్యాచారాలని తోసిపుచ్చారు; 1962-65 నాటి రెండవ వాటికన్ మహాసభ తర్వాత కతోలిక ఆరాధనలో స్థానిక సంగీతానికి చోటు పెరిగింది. ఆ తిరస్కారం వల్ల ఎన్ని కుటుంబాలు తమ పెద్దల పేర్లను పోగొట్టుకున్నాయో తలచుకుంటే నాకు నిజంగా బాధ కలుగుతుంది.

మామయ్యగారి క్రతువులో అత్తయ్యగారు మెడలో జపమాల తీయకుండానే బీరు కుండ ముందు మోకరిల్లి, దోసిలి గుల్లగా పట్టి మెల్లగా చప్పట్లు చరుస్తూ పెద్దలను పేరుపేరునా పిలిచారు. పెంతెకోస్తు సంఘాలలో చేరిన బంధువులు మాత్రం రాలేదు. వారి విశ్వాసాన్నీ నేను గౌరవిస్తాను. ఆమె పిలిచిన పేర్లన్నీ ఇప్పుడు మా అమ్మాయి పుస్తకంలో ఉన్నాయి.