పంచె కుచ్చిళ్ళు, జపాన్ నిర్మాత

ఆదివారం. వంట త్వరగా ముగించుకుని, ఉతికిన బట్టల కుప్ప ముందేసుకుని కూర్చున్నాను. మావాడు టీవీలో జపాన్ వాళ్ళ బొమ్మల రామాయణం, 'రామాయణ: ది లెజెండ్ ఆఫ్ ప్రిన్స్ రామ' సినిమా పెట్టాడు. నేను చిన్నప్పుడు కార్టూన్ నెట్‌వర్క్‌లో ముక్కలు ముక్కలుగా చూసిందే. అత్తయ్యగారు కూడా కుర్చీ లాక్కుని కూర్చున్నారు.

కాసేపయ్యాక, "జపాన్ వాళ్ళకి ఇంత చక్కగా పంచె కట్టడం ఎవరు నేర్పారే?" అన్నారు.

"మనవాళ్ళే అత్తయ్యా" అన్నాను. ఈ సినిమాకి 450 మంది దాకా పనిచేశారు. పంచె ఎలా కడతారు, పెద్దవాళ్ళు పిల్లల్ని ఎలా దీవిస్తారు, ఇలాంటివన్నీ ఇక్కడి యానిమేటర్లు అక్కడివాళ్ళకి దగ్గరుండి చెప్పారట. మామయ్యగారి పంచె మడతపెడుతూ చూశానేమో, నా కళ్ళు కథ మీద కంటే కుచ్చిళ్ళ మీదే ఉన్నాయి. మనిషి నడుస్తుంటే అవి కూడా కదలాలి. కంప్యూటర్ లేని రోజుల్లో ప్రతి ఫ్రేముకీ ఎవరో ఒకరు కూర్చుని ఆ గీతలు గీయాల్సిందే.

ఇంతమందినీ ఒకచోటికి చేర్చిన జపాన్ నిర్మాత యూగో సాకో టీవీకి డాక్యుమెంటరీలు తీసే మనిషి. 1983లో అలహాబాదు దగ్గర పురావస్తు శాస్త్రవేత్త బి.బి. లాల్ జరిపిన తవ్వకాల మీద డాక్యుమెంటరీ తీయడానికి వచ్చి రామాయణంలో పడ్డాడు. జపనీస్‌లో దొరికిన రామాయణాలు పది చదివాడట. రాముడు దేవుడు కాబట్టి నటుడి కంటే బొమ్మే నయమని ఆయన నమ్మకం. ఎన్టీఆర్‌ని చూసి చేతులు జోడించిన తరం అత్తయ్యగారిది. ఆవిడ దగ్గర ఈ మాట ఎత్తలేదు.

నిర్మాత అంటే డబ్బు పెట్టేవాడనే మావాడి లెక్క. నా లెక్కలో నిర్మాత పని ఒప్పించడం. సాకో తీస్తున్నది డాక్యుమెంటరీయే అయినా, ఎవరో విదేశీయుడు రామాయణం సినిమా తీస్తున్నాడని పేపర్లో పడింది. అది చూసి విశ్వ హిందూ పరిషత్ జపాన్ ఎంబసీకి అభ్యంతరం రాసింది. ఆయన జడిసి తిరుగుముఖం పట్టలేదు. అపోహ తీరాక, అసలు బొమ్మల సినిమా తీస్తానని వాళ్ళ ముందే ప్రస్తావన పెట్టాడు. ఆ గుండెధైర్యమే నాకు నచ్చింది. మన ప్రభుత్వం మొదట సరేనని, తర్వాత ఇది సున్నితమైన విషయం, కార్టూన్‌గా వద్దంది. పైగా అయోధ్య గొడవ ముదురుతున్న రోజులు. చేసేదిలేక జపాన్‌లోనే తీశాడు. మన యానిమేటర్ రామ్‌మోహన్, జపాన్ నుంచి కోయిచీ ససాకీ ఆయనతో కలిసి దర్శకత్వం చేశారు. సంగీతం వనరాజ్ భాటియా.

సినిమా 1992లో పూర్తయింది. డిసెంబర్లో బాబ్రీ మసీదు కూలింది. ఏళ్ళ తరబడి పట్టువదలని మనిషికి అంతకంటే చెడ్డ ముహూర్తం దొరకదు. మాలాంటి పిల్లలకి అది చేరింది చివరికి టీవీలోనే.

కుంభకర్ణుణ్ణి లేపే సీను వచ్చేసరికి మావాడు మంచమెక్కి గంతులు. అత్తయ్యగారు, "వీణ్ణి లేపడానికీ రోజూ ఇంత హంగామానే" అన్నారు.

2025 జనవరి 24న దీన్ని 4కేలో మళ్ళీ థియేటర్లలో వేశారు, తెలుగు డబ్బింగ్ కూడా చేశారు. ఆ కొత్త రూపానికి పనిచేసింది మన విజయేంద్రప్రసాద్. సాకో 2012లోనే పోయారు.