మేరీ రోజ్: కిటికీల గుండా మునిగిన ఓడ

1509లో ఇక్కడ శ్రీకృష్ణదేవరాయలు విజయనగర సింహాసనం ఎక్కాడు. అదే ఏడాది అక్కడ ఎనిమిదో హెన్రీ ఇంగ్లండుకు రాజయ్యాడు. హెన్రీకి ఓడలంటే పిచ్చి. మరుసటి ఏడాదే పోర్ట్స్‌మత్ రేవులో రెండు ఓడలకు పని మొదలుపెట్టించాడు. వాటిలో పెద్దది మేరీ రోజ్. అడుగుదూలం 32 మీటర్లు, వెడల్పు 11 మీటర్ల పైచిలుకు. సుమారు 600 పెద్ద ఓక్ చెట్ల కలప పట్టింది.

అప్పటిదాకా సముద్రంలో యుద్ధమంటే శత్రువు ఓడను ఆనుకుని, దాని మీదికి ఎక్కి నరుక్కోవడమే. అందుకే ముందూ వెనకా బురుజుల్లాంటి ఎత్తైన కట్టడాలు ఉండేవి. చిన్న ఫిరంగులు వాటి మీదే ఉండేవి. గోడలు పగలగొట్టే పెద్ద ఫిరంగిని అంత ఎత్తున పెడితే పైబరువు ఎక్కువై ఓడ ఒరిగిపోతుంది. కిందికి దించితే అది కాల్చడానికి ఓడ పక్కకు కన్నం పెట్టాలి. పాత పద్ధతి ఓడకు ఆ కన్నమే పెద్ద చిక్కు. అందులో పలకలను ఇంటి పెంకుల్లా ఒకదాని అంచు మీద ఇంకొకటి ఎక్కించి మేకులు కొట్టేవారు. బలమంతా ఆ పలకల్లోనే. కోస్తే ఆ బలం పోతుంది. పైగా మెట్లుమెట్లుగా ఉండే ఆ గోడకు తలుపు అతకదు.

మేరీ రోజ్‌ది వేరే కట్టుబడి. ముందు పక్కటెముకల గూడు నిలబెట్టి, దాని మీద పలకలను అంచుకు అంచు తాకించి బిగించి, సందుల్లో నార దట్టించి తారు పూశారు. బలం గూడుది, పలక ఒట్టి చర్మం. ఎముకకూ ఎముకకూ మధ్య కోసుకోవచ్చు. ఆ నున్నటి గోడలో ప్రధాన అంతస్తు పొడవునా ఒక్కో పక్క 7 కిటికీలు. తలుపుకు కీళ్లు పైఅంచున ఉంటాయి. లోపలి నుంచి తాడు లాగితే పైకి లేస్తుంది, వదిలితే మూసుకుంటుంది.

వాటి వెనక రెండు రకాల ఫిరంగులు పక్కపక్కనే ఉండేవి. అదే ఈ ఓడలో నాకు అన్నిటికన్నా నచ్చే సంగతి. పాతరకంది ఇనుప పట్టీలను పీపాలా పేర్చి, పైన కడియాలు తొడిగి చేసినది. వెనక నుంచి తుపాకిమందు పెట్టాలి: విడిగా ఉండే గదిలో, అంటే ఒక పక్క మూసిన చిన్న గొట్టంలో, మందు కూరి, నోటికి చెక్క బిరడా కొట్టి, గొట్టంలో రాతి గుండు పెట్టి, గదిని వెనక ఆనించి, బండికీ దానికీ మధ్య మేకును సుత్తితో బిగించాలి. మేకు వదులైతే అతుకులోంచి మంట ఎగజిమ్ముతుంది. మరీ వదులైతే గదే వెనక్కి ఎగిరి మనిషి మీద పడుతుంది. కొత్తరకంది ఒకే పోతగా పోసిన కంచు ఫిరంగి, నాలుగు చక్రాల బండి మీద. అతుకు లేదు కాబట్టి ఎక్కువ మందు తట్టుకుంటుంది, ఇనుప గుండు దూరం పోతుంది. దానికి ఖర్చూ ఎక్కువే. ఓడ మునిగిన మరుసటి ఏటి రికార్డులో 91 తుపాకులు, ఫిరంగులు కనిపిస్తాయి. కంచువి 15 మాత్రమే.

1530లలో ఓడను తిరగగట్టి, ఫిరంగులు పెంచారు. 500 టన్నులది 700 టన్నులు అయింది. 1545 జులై 19న ఫ్రెంచి ఓడల దండు పోర్ట్స్‌మత్ ముందున్న సోలెంట్ జలసంధిలోకి వచ్చినప్పుడు, సౌత్‌సీ కోట నుంచి హెన్రీ చూస్తుండగానే ఇది మునిగింది. తమ గుండే తగిలిందని ఫ్రెంచివాళ్లు చెప్పుకున్నారు. బతికి బయటపడ్డ ఒకడి మాటే నాకు సబబు: ఒక పక్క ఫిరంగులు కాల్చి మలుపు తిరుగుతుంటే గాలి తెరచాపల్ని పట్టేసింది, ఓడ ఒరిగింది, మూయని కిటికీల్లోంచి నీళ్లు దూరాయి. మలుపుకు ముందు తలుపులు దించాల్సింది. శత్రువులు ఎక్కకుండా పైన కట్టిన వల లోపలివాళ్లనూ బయటికి రానివ్వలేదు. ఆ రికార్డు లెక్కన సిబ్బంది 415. బతికినవాళ్లు 35 మంది కూడా లేరని అంచనా.

ఓడను పైకి తీయడానికి వెంటనే వెనిస్ వాళ్లను పిలిపించారు. రెండు పక్కలా రెండు ఓడలు నిలిపి, మునిగినదాని కింద మోకులు తిప్పి, పాటు వేళ బిగించి, పోటు లేపినప్పుడు లోతు తక్కువ చోటికి జరుపుకుంటూ పోవాలన్నది ఉపాయం. ఉపాయం మంచిదే. కానీ ఓడ 60 డిగ్రీలు ఒరిగి ఒండ్రులో కూరుకుపోయింది. అడుగున మోకు దూర్చడం కుదరలేదు. చివరికి ప్రధాన తెరచాప స్తంభం విరిగింది.

1982 అక్టోబర్ 11న పైకి తీసింది సగానికన్నా తక్కువే. ఒండ్రు పైకి తేలి ఉన్న ఎడమ పక్కను పురుగులు, ప్రవాహం తినేశాయి. ఒండ్రులో గాలి తగలక కుడి పక్క నిలిచింది. నానిన కలపను అలాగే ఆరబెడితే కుంచించుకుపోయి పగిలిపోతుంది. అందుకే మొదట చల్లని మంచినీళ్లు, 1994 నుంచి 2013 దాకా మైనంలాంటి పాలిఇథిలీన్ గ్లైకాల్ చల్లారు. ఆ తర్వాతే ఆరబెట్టారు.

ఆ కుడి పక్కే నీళ్లు తాగిన పక్క. తవ్వినప్పుడు ఫిరంగులు ఇంకా కాల్పులకు సిద్ధంగా, కిటికీల దగ్గరే ఉన్నాయి.