బొమ్మ లోపలి మనిషి

మన బడి వార్షికోత్సవంలో ఆడిన బుట్టబొమ్మలు ఎవరికైనా గుర్తున్నాయా? వెదురుబద్దలు అల్లి, పాత పేపర్లు అంటించి, రంగులేసిన నిలువెత్తు బొమ్మలు. మగబొమ్మలో దూరింది నేనే. పొట్ట దగ్గర కోసిన కంతలోంచి తప్ప బయటేమీ కనబడదు. లోపలంతా మైదా జిగురు వాసన. చెమట కళ్లలోకి కారుతున్నా తుడుచుకోవడానికి చెయ్యి లేవదు. చప్పట్లు మాత్రం బాగా వినబడ్డాయి. తర్వాత మైకులో అందరి పేర్లూ చదివారు, బొమ్మల్లో దూరిన మా ఇద్దరివీ తప్ప. ఆ రాత్రి ఇంటికెళ్లి ఏడ్చాను.

చాలా ఏళ్లకి ఉద్యోగం మీద మాంచెస్టర్‌లో ఉన్నప్పుడు మా ఇంటి ఓనరు, పెద్దాయన, ఒక పాత సీరియల్ డీవీడీ పెట్టి చూపించారు. 1963లో బీబీసీలో మొదలైన సైన్స్ ఫిక్షన్ సీరియల్ 'డాక్టర్ హూ'. అందులో డాలెక్‌లని శత్రువులుంటాయి. పెద్ద ఊరగాయ జాడీకి చక్రాలు బిగించినట్టుంటాయి. కరెంటుతో నడిచే యంత్రాలేమో అనుకున్నాను. ఒక్కోదాని లోపలా ఒక్కో మనిషి ఉంటాడని ఆయన చెబితేగానీ తెలియలేదు.

ఆ మనుషుల్లో ఒకరు జాన్ స్కాట్ మార్టిన్. 1926లో లివర్‌పూల్‌లో పుట్టారు. 1965లో ఆ డబ్బాలోకి ఎక్కి, 1988 దాకా మళ్లీ మళ్లీ ఎక్కుతూనే ఉన్నారు. లోపల చిన్న సీటు మీద కూర్చుని, పాదాలతో నేలను తోస్తూ బండిని కదిలించాలి. మెడ దగ్గరి జాలీలోంచి దారి చూసుకోవాలి. గొంతు మాత్రం ఆయనది కాదు. రాయ్ స్కెల్టన్ లాంటి నటులు మైకు ముందు పలికితే, రింగ్ మాడ్యులేటర్ అనే పరికరం దాన్ని గరగరలాడే గొంతుగా మార్చేది. అయితే డాలెక్ మాట్లాడుతుంటే తల మీది లైట్లు మాటమాటకీ వెలిగి ఆరాలి. ఆ స్విచ్చు లోపలి మనిషి దగ్గర ఉండేది. తన నోటితో ఒక్క ముక్క కూడా పలకని మనిషికి ఆ డైలాగులన్నీ వచ్చి ఉండాలి! ఎంత శ్రద్ధ కావాలో బొమ్మలో దూరిన నాకు తెలుసు.

ఆ సీరియల్‌లోనే 1975 నాటి 'జెనెసిస్ ఆఫ్ ది డాలెక్స్' కథ చివర పేర్లు పడుతుంటే రిమోట్ అడిగి ఆపాను. డాలెక్‌లను నడిపినవాళ్లు: జాన్ స్కాట్ మార్టిన్, సై టౌన్, కీత్ యాష్లీ. తెర మీద, అందరితోపాటే. చాలాసేపు అలాగే చూస్తూ ఉండిపోయాను.

మార్టిన్ ముఖం కూడా చూడాలనిపించింది. 1973లో వచ్చిన 'ది గ్రీన్ డెత్' కథలో హ్యూస్ అనే గని కార్మికుడిగా వేశారట. పెద్దాయన ఓపిగ్గా ఆ డిస్కు కూడా వెతికి పెట్టారు. మార్టిన్ 2009లో పోయారు.

మన బుట్టబొమ్మల ఫోటో ఎవరి దగ్గరైనా ఉంటే దయచేసి ఈ సంచికవాళ్లకి పంపండి. ఆడబొమ్మలో ఆడినవాడు మూడో బెంచీలో నా పక్కనే కూర్చునేవాడు. ఫోటో వేస్తే కింద మా ఇద్దరి పేర్లూ రాయండి. ముందు వాడిది.